మూడో పేజీ

నేరం ఒప్పుకోవడానికి యాభై ఏళ్ళు పట్టింది.
చప్పల్ బజార్‌లో యాదగిరి అద్దె పుస్తకాల కొట్టు,
రోజుకు పది పైసలు,
అట్ట చిరిగితే పావలా జరిమానా.
అక్కడ మూడో పేజీల మీద పెన్సిల్‌తో
హంతకుల పేర్లు రాసింది నేనే.

"కాంపౌండర్ చంపిండు."
"కళ్ళద్దాల వకీలు."
"చచ్చింది ఆయన గాదు, తమ్ముడు."
ఒక్కో నవలకు ఒక్క ముక్క, అంతే.
ఊళ్ళోవాళ్ళ రాత్రుల్ని అట్లా ఎత్తుకుపోవడంలో
పదకొండేళ్ళవాడికి ఏం సుఖమో!
మా నాయన పోయిన ఏడాది అది.
ముందే తెలిసినదేదీ భయపెట్టదని అనుకున్నానేమో.

అట్టల మీద పేరు రుద్రకాంత్.
తుపాకీ, నల్లకోటు, సగం మొహం మింగిన టోపీ.
లోపల డిటెక్టివ్ పరంతప్
నాంపల్లిలో సిగరెట్ ముట్టిస్తే
మలక్‌పేటలో ఎవడికో చెమటలు పట్టేవి.

ఆ రుద్రకాంతే
కాచిగూడ స్టేషన్ పార్శిల్ ఆఫీసులో
గుమస్తా ఇటిక్యాల వామనయ్య అని
మా గల్లీలో ఎవరికీ తెలియదు.
తుపాకీ ఎప్పుడూ పట్టలేదు. సిగరెట్ వాసన పడదు.
సైకిల్ చైను ఊడితే పక్కింటివాణ్ణి పిలిచేవాడు.
ఎవరూ విడిపించుకుపోని పార్శిళ్ళ మధ్య కూర్చుని
ఒక్కోదానికి ఒక యజమానిని, ఒక శవాన్ని,
చంపడానికి తగిన ఒక దుఃఖాన్ని
చెల్లని రసీదుల వెనక రాసుకునేవాడు.
నెలకో నవల. నవలకు నూటయాభై.
హక్కులన్నీ పబ్లిషర్‌వి. పేరూ వాళ్ళదేనట:
వామనయ్య పోయాక కూడా మూడేళ్ళు
రుద్రకాంత్ రాస్తూనే ఉన్నాడు.

ఆదివారం పొద్దున ఒకాయన వచ్చి
అరల ముందు గొంతుక్కూర్చుని
జేబులోంచి రబ్బరు ముక్క తీసేవాడు.
రుద్దేవాడు. ఊదేవాడు. ఇంకో పుస్తకం.
"సారుకు పిచ్చి, కిరాయి కట్టి మరీ తుడుస్తడు"
అని యాదగిరి నవ్వేవాడు.
నేను బీరువా చాటున నిలబడి చూసేవాణ్ణి.
సోమవారం మళ్ళీ రాసేవాణ్ణి.

చివరి ఫారం ఊడిపోయిన నవల ఒకటి దొరికింది.
తెలియకపోయినా ఊరుకోలేదు, ఊహించి రాశాను:
"మేనత్త. పాలల్ల విషం."
వారం తిరిగేసరికి నా మాట లేదు.
అదే చోట, చీమల బారులాంటి అక్షరాలు:
"తప్పు. నూట పన్నెండో పేజీ మళ్ళీ చదువు."
చదివాను.
పాలు తెచ్చింది మేనత్తే.
కానీ తెచ్చిన గ్లాసు ఇత్తడిది, శవం పక్కనున్నది గాజుది.

ఆ తర్వాతి నవలలో పరంతప్ దొంగను పట్టింది
వేలిముద్రలతో కాదు,
ళ రాసేటప్పుడు తోకను పక్కకు ఈడ్చే అలవాటుతో.
ఆ ళ నాది.
దొంగ ఒక చిన్న పిల్లవాడు.
పరంతప్ వాణ్ణి ఠాణాకు తీసుకుపోలేదు.
"వీడు దొంగిలించింది ఏదీ తన కోసం కాదు"
అని కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు.
నేను పెన్సిల్ ముక్కను నింబోలీ అడ్డా నాలాలో పారేశాను.

ఒక్కసారైనా వెళ్ళి నమస్తే పెట్టలేదు.
ఒక మే నెల మధ్యాహ్నం
మామిడిపండ్ల బుట్టల వాసనలో, రిజిస్టరు మీదే
తల వాల్చాడని విన్నాను.
పేపర్లో రాలేదు.
రుద్రకాంత్ చచ్చిపోలేదు కదా, ఎట్లా వస్తుంది?

మొన్న ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద
ఇంజనీరింగ్ గైడ్ల కింద ఆ నవలే కనిపించింది.
"ఆఖరి పేజీలు లేవు సాబ్, పదికి తీసుకోండి."
మూడో పేజీని ఎండకు ఏటవాలుగా పట్టాను.
రబ్బరు నలుపును మాత్రమే తీసుకుపోయింది,
నొక్కును తీసుకుపోలేకపోయింది.
ఆయన జవాబు కింద నా మాట ఇంకా ఉంది.
తప్పుగానే, లోతుగా.

ఇరవై ఇచ్చి చిల్లర అడగలేదు.
గ్లాసు మార్చిందెవరో
నాకు ఇప్పటికీ తెలియదు.
మీలో ఎవరికైనా తెలిస్తే
దయచేసి చెప్పకండి.